ఉప్పుమడిలో ఒక రోజు: అయిదు నిమిషాల డాక్యుమెంటరీ తీసే విధానం

ఒక సామాన్య వ్యక్తి దినచర్యను అయిదు నిమిషాల్లో చూపదలచినవారు కెమెరా కంటే ముందు కాలాన్ని చూసుకోవాలి. నెల్లూరు జిల్లా అల్లూరు మండలం ఇసకపల్లి ఉప్పుమళ్లలో పనిచేసే ఒక పెద్దావిడ మీద చిత్రం తీస్తున్నామనుకుందాం. ఈ జిల్లాకు ఈశాన్య రుతుపవనాల వానలే ఎక్కువ కాబట్టి అక్టోబరు, నవంబరు నెలల్లో వెళితే మళ్లలో వాననీళ్లు తప్ప పని కనబడదు. మార్చి, ఏప్రిల్ నెలలు అనువైనవి.

మొదటి రోజు ఫోను జేబులోనే ఉంచి, ఆమె ఎన్నింటికి బయలుదేరుతుందో, ఎక్కడ కూర్చుని సద్ది తింటుందో, ఎవరితో మాట్లాడుతూ నడుస్తుందో చూసి రాసుకోవాలి. ఆమె అంగీకారాన్నీ, మడి యజమాని అనుమతినీ అప్పుడే తీసుకోవాలి.

తెల్లని ఉప్పు మీద ఎండ పడినప్పుడు ఫోను తనంతట తానే వెలుతురు తగ్గించుకుని మనిషి ముఖాన్ని నల్లగా చూపిస్తుంది గనుక, తెర మీద ఆమె ముఖాన్ని వేలితో నొక్కిపట్టి వెలుతురును అక్కడ స్థిరపరచాలి. వెనుక ఉప్పు మరీ తెల్లబారినా నష్టం లేదు. ఉప్పు లాగే చేతులు, ఉప్పునీటిలో నానిన పాదాలు, కుప్ప మీద తాటాకు కప్పడం వంటి ప్రతి దృశ్యాన్నీ కనీసం పది సెకన్లు కదలకుండా తీయాలి. రాత్రి ఇంట్లో ట్యూబులైటు కింద తీసేటప్పుడు సెకనుకు 25 ఫ్రేములు (బొమ్మలు), షట్టరు (ఒక్కో బొమ్మ మీద వెలుతురు పడే సమయం) సెకనులో 50వ వంతు పెట్టుకుంటే, మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి, తెర మీద చారలు రావు.

అసలు చిక్కు శబ్దంతోనే. సముద్రపు గాలి మాటను మింగేస్తుంది కనుక కాలరు మైకుకు బొచ్చు తొడుగు వేయాలి, లేదా సాయంత్రం ఇంట్లో ఫ్యాను ఆపి మాట్లాడించాలి. “కష్టంగా ఉంటుందా?” అని అడిగితే “ఉంటది” అన్న ఒక్క మాటే వస్తుంది, “నిన్న లేచిన కాడి నుంచి ఏమేం చేశావో చెప్పు పెద్దమ్మా” అంటే రోజంతా కథగా వస్తుంది. ఉప్పు గీకే చప్పుడును మాత్రం విడిగా, ఒక నిమిషం పాటు రికార్డు చేసుకోవాలి. ఆ చప్పుడు ఉన్నచోట జాలి పుట్టించే వేణువు ఎందుకో నాకు ఎన్నడూ అర్థం కాలేదు.

కూర్పులో ముందు ఆమె మాటలను వరుసగా పేర్చి, తరువాతే బొమ్మలు అతకాలి. పూర్తయిన చిత్రాన్ని ఎవరికీ పంపకముందే ఆమెకు చూపించి, కూలి మాటో అప్పు మాటో తీసెయ్యమంటే మారుమాట లేకుండా తీసెయ్యాలి.