అమెరికాలో కుడి మలుపు: కొత్తగా స్టీరింగు పట్టేవారికి కొన్ని సూచనలు

అమెరికాకు కొత్తగా వచ్చి కారు నడపడం మొదలుపెట్టే మనవాళ్లు భయపడేది సాధారణంగా ఎడమ మలుపుకూ, ఫ్రీవే ఎక్కడానికీ. కుడి మలుపు గురించి ఎవరూ అడగరు. అడగకపోవడానికి కారణం లేకపోలేదు. రోడ్డుకు కుడిపక్కన నడిపే ఈ దేశంలో కుడివైపు తిరగడమంటే మన దగ్గర ఎడమవైపు తిరగడం లాంటిదే. ఎదురు వాహనాలను దాటే పని లేకుండా, రోడ్డు అంచును ఆనుకుని పక్క వీధిలోకి ఒదిగిపోవడమే. హైదరాబాదులోనో విజయవాడలోనో ఏళ్ల తరబడి బండి నడిపిన మనిషికి ఆ మలుపు కళ్లు మూసుకున్నా వస్తుంది. చిక్కంతా అక్కడే ఉంది. మనం వింటూ పెరిగిన "ఫ్రీ లెఫ్ట్" అనే మాట, సిగ్నల్ ఎర్రగా ఉన్నా పక్కకు తిరిగేవాడు ఆగనక్కర్లేదన్న అలవాటును మన కాలికి నేర్పి పంపింది. ఇక్కడి కుడి మలుపులో ఆ "ఫ్రీ" లేదు. నేను ఉండేది కాలిఫోర్నియాలో కాబట్టి ప్రధానంగా ఇక్కడి నిబంధనలే చెబుతాను. ఇతర రాష్ట్రాల్లో తేడా ఉందని నాకు తెలిసినచోట ఆ సంగతీ చెబుతాను. లండన్‌లోనో సిడ్నీలోనో స్థిరపడినవారికి ఈ సూచనలు పనికిరావు, ఎందుకంటే అక్కడ మనలాగే రోడ్డుకు ఎడమపక్కన నడుపుతారు.

ముందు చేతుల సంగతి చూద్దాం. మన దేశంలోని కార్లలో సాధారణంగా ఇండికేటర్ లివర్ స్టీరింగుకు కుడిపక్కన, వైపర్ల లివర్ ఎడమపక్కన ఉంటాయి. ఇక్కడ అవి తారుమారు. అందుకే మొదటి రెండు వారాలు, చినుకు జాడ లేని మిట్టమధ్యాహ్నం, మలుపు దగ్గరికి రాగానే వైపర్లు కిర్రుమంటూ పొడి అద్దాన్ని తుడవడం మొదలుపెడతాయి. పక్కన కూర్చున్నవారు నవ్వుతారు, నవ్వనివ్వండి. కానీ ఆ కంగారులో మీ చూపు రోడ్డును వదిలి స్టీరింగు వెనక లివర్లను వెతుక్కుంటుంది, వెనక వచ్చేవారికి మీరు ఎటు తిరుగుతారో తెలియదు. కారు ఇంటి ముందు నిలిపి ఉన్నప్పుడే పది నిమిషాలు కూర్చుని ఎడమచేతి లివర్‌ను అలవాటు చేసుకోండి. పైకి ఎత్తితే కుడి, కిందికి దించితే ఎడమ. స్టీరింగు ఏ వైపు తిరగబోతోందో లివర్ కూడా ఆ వైపే కదులుతుందని గుర్తుంచుకుంటే ఇక తికమక ఉండదు.

మలుపుకు ముందు కనీసం 100 అడుగుల దూరం నుంచి ఇండికేటర్ ఆపకుండా వెలుగుతూ ఉండాలని కాలిఫోర్నియా చట్టం చెబుతుంది. టెక్సస్‌లోనూ అదే దూరం. 100 అడుగులంటే చాలా ఎక్కువని మొదట అనిపిస్తుంది. గంటకు 35 మైళ్ల వేగంలో కారు ఆ దూరాన్ని రెండు సెకన్లలో దాటేస్తుంది కాబట్టి, ఇంకాస్త ముందే వేయడం మంచిది. అయితే మీరు తిరగవలసిన వీధికి ముందే ఏ పెట్రోలు బంకు దారో ఉంటే, ఆ దారి దాటాకే ఇండికేటర్ వేయండి. లేకపోతే మీరు బంకులోకి వస్తున్నారనుకుని అక్కడి నుంచి బయటికి వచ్చే కారు మీ ముందుకు దూకుతుంది.

కుడి మలుపుకు వీలైనంత కుడి అంచుకు దగ్గరగా రావాలి. ఇక్కడే సైకిళ్ల లేన్ అడ్డం వస్తుంది, కొత్తవారిలో చాలామంది తడబడేదీ ఇక్కడే. ఆ లేన్ మనది కాదని, గీత దాటకూడదని అనుకుని, దానికి ఎడమపక్కనే ఉండి మూల దగ్గర ఒక్కసారిగా సైకిళ్ల దారికి అడ్డంగా తిరుగుతారు. నేరుగా వెళ్తున్న సైకిలువాడు కారు కుడిపక్కను గుద్దుకునేది సరిగ్గా అప్పుడే. కాలిఫోర్నియాలో పద్ధతి వేరు: మలుపుకు ముందు 200 అడుగుల లోపల, చాలాచోట్ల గట్టి గీత తెగి చుక్కల గీతగా మారే చోట, కుడి అద్దంలో చూసి, తర్వాత తల తిప్పి భుజం మీదుగా వెనక్కి చూసి, సైకిలు ఏదీ రావడం లేదని తేలాకే ఆ లేన్‌లోకి జరిగి, అక్కడి నుంచి తిరగాలి. సైకిలు వస్తుంటే దాన్ని ముందుకు పోనిచ్చి దాని వెనక చేరాలి. ఒరెగాన్‌లో మాత్రం సైకిళ్ల లేన్‌లోకి ముందుగా చేరకూడదు, తిరిగేటప్పుడు దాన్ని అడ్డంగా దాటడమే. కాబట్టి రాష్ట్రం మారినప్పుడు అక్కడి డ్రైవర్ల చేతిపుస్తకంలో ఈ ఒక్క విషయమైనా చూసుకోండి.

ఇక అసలు విషయం, ఎర్ర సిగ్నల్. ఎర్ర దీపం గుండ్రంగా ఉండి, తిరగకూడదన్న బోర్డు లేకపోతే, పూర్తిగా ఆగిన తర్వాత, పాదచారులకూ ఇతర వాహనాలకూ దారి ఇచ్చి కుడివైపు తిరగవచ్చు. ఈ వాక్యంలో అందరికీ గుర్తుండేది "తిరగవచ్చు" అన్న చివరి మాట. టికెట్లు, అంటే పోలీసులు రాసే జరిమానా కాగితాలు, తెచ్చిపెట్టేది "పూర్తిగా ఆగిన తర్వాత" అన్నది. నడిచే వేగానికి తగ్గించి, చక్రాలు పూర్తిగా ఆగకుండానే అటూ ఇటూ చూసి జారుకోవడానికి ఇక్కడివారు సరదాగా మా రాష్ట్రం పేరే పెట్టి "కాలిఫోర్నియా స్టాప్" అంటారు. పోలీసుల దృష్టిలో అది ఆగకపోవడమే. కెమెరా ఉన్న కూడలిలో అయితే వాదించడానికి ఎదురుగా మనిషి కూడా ఉండడు. కొన్ని వారాల తర్వాత మీ ఫొటోతో కవరు ఇంటికి వస్తుంది. జరిమానా వందల డాలర్ల దాకా ఉండవచ్చు, లైసెన్సు మీద తప్పుకు గుర్తుగా ఒక పాయింటు పడవచ్చు, దాన్ని చూసి ఇన్సూరెన్సు కంపెనీ ప్రీమియం పెంచే అవకాశమూ ఉంది.

నా మొదటి డ్రైవింగ్ పరీక్ష పోయింది ఇలాంటి కుడి మలుపు దగ్గరే. రోడ్డు ఖాళీగా ఉంది, మనుషులెవరూ లేరు, నేను ఆగాననే నా నమ్మకం. కారు దిగాక పరీక్ష పెట్టినావిడ కాగితం చూపిస్తూ, మీ పాదం బ్రేకు మీదే ఉంది కానీ చక్రాలు ఆగలేదు అని చెప్పారు. ఆ తర్వాతే తెలుసుకున్నాను, కారు నిజంగా ఆగినప్పుడు దాని ముక్కు కాస్త కిందికి వంగి, మళ్లీ వెనక్కి ఒరిగి నిలబడుతుంది. ఆ వెనక్కి ఒరగడం మీ వీపుకు తెలియాలి. అది తెలియకపోతే మీరు ఆగలేదన్నమాటే. మూడు సెకన్లు లెక్కపెట్టాలని స్నేహితులు చెబుతారు. చట్టంలో అలాంటి లెక్క లేదు, కానీ పరీక్ష రోజున ఆ అలవాటు మంచిదే.

ఎక్కడ ఆగాలన్నది కూడా అంతే ముఖ్యం. తెల్లని స్టాప్ గీత ఉంటే దానికి ముందే, అది లేకపోతే క్రాస్‌వాక్‌కు, అంటే నడిచేవారు రోడ్డు దాటే దారికి, ముందే, అదీ లేకపోతే కూడలిలో అడుగుపెట్టకముందే ఆగాలి. అక్కడి నుంచి చూస్తే ఎడమవైపు నుంచి వచ్చే కార్లు కనిపించవని, ముందుగానే క్రాస్‌వాక్ మీదికి వెళ్లి ఆగేవారు చాలామంది, అది తప్పు. మొదట గీత వెనక ఆగండి. నడిచేవారు లేరని చూసుకున్నాక మెల్లగా ముందుకు జరిగి, అవసరమైతే రెండోసారి ఆగండి. కాలిఫోర్నియాలో 2025 నుంచి క్రాస్‌వాక్‌కు వాహనాలు వచ్చే వైపున 20 అడుగుల లోపల కారు పార్కు చేస్తే టికెట్ ఇస్తున్నారు. మూల దగ్గర మన చూపుకు అడ్డం లేకుండా చేయడమే దాని ఉద్దేశం.

ఆగిన తర్వాత ఎటు చూడాలి? ప్రమాదానికి అసలు మూలం ఈ ప్రశ్నలోనే ఉంది. కుడివైపు తిరిగేవారికి ఎదురయ్యే వాహనాలు ఎక్కువగా ఎడమవైపు నుంచే వస్తాయి కాబట్టి, సందు ఎప్పుడు దొరుకుతుందా అని తల ఎడమకు తిప్పి అలాగే బిగుసుకుపోతాం. సందు దొరికిన క్షణంలో తల ఇంకా ఎడమవైపు ఉండగానే కాలు ఆక్సిలరేటర్ మీద పడుతుంది. సరిగ్గా ఆ క్షణంలో కుడివైపు కాలిబాట నుంచి ఒక మనిషి క్రాస్‌వాక్‌లో అడుగు పెడతాడు. అందుకే క్రమం ఎడమ, ఎదురు, కుడి, మళ్లీ ఎడమ అని ఉన్నా, బ్రేకు మీద నుంచి కాలు తీసే ముందు చివరి చూపు మాత్రం కారు వెళ్లబోయే వైపే, అంటే కుడివైపే ఉండాలి.

ఆ మనిషి మన అమ్మానాన్నలలో ఒకరే కావచ్చని నేను ఎప్పుడూ అనుకుంటాను. ఆరు నెలలకని పిల్లల దగ్గరికి వచ్చి, ఉదయం సాయంత్రం కాలనీ చుట్టూ నడిచే పెద్దవాళ్లు మనవాళ్లుండే ఊళ్లలో చాలామంది కనిపిస్తారు. మన దేశంలో రోడ్డు దాటేటప్పుడు మొదట కుడివైపు చూడటం వాళ్లకు జీవితకాలపు అలవాటు. ఇక్కడ దగ్గరి లేన్‌లో కారు వచ్చేది ఎడమవైపు నుంచి. ఎడమకు చూస్తూ తిరిగే డ్రైవరూ, కుడికి చూస్తూ రోడ్డు దిగే పెద్దాయనా ఒకరినొకరు చూసుకునే అవకాశమే ఉండదు. ఇంట్లో పెద్దవాళ్లు ఉంటే ఈ సంగతి వాళ్లకు ఒకసారి మూల మీద నిలబెట్టి చూపించండి. నడిచే మనిషి బొమ్మ వెలిగినా సరే, తిరగబోయే కారులోని డ్రైవరు తమవైపు చూశాడని తేలాకే అడుగు వేయమనండి.

పచ్చ సిగ్నల్ పడింది కదా, ఇక నేరుగా తిరగవచ్చు అనుకోవడమూ పొరపాటే. మీకు పచ్చ పడినప్పుడే మీ పక్కన సమాంతరంగా ఉన్న క్రాస్‌వాక్‌లో నడిచేవారికి కూడా సిగ్నల్ పడుతుంది. మీరు తిరిగేది నేరుగా వాళ్ల దారిలోకే. చాలా నగరాల్లో నడిచేవారికి మీకంటే కొన్ని సెకన్ల ముందే సిగ్నల్ ఇస్తారు, అందువల్ల మీ పచ్చ వెలిగేసరికి వాళ్లు రోడ్డు మధ్యలో ఉంటారు. ప్రాధాన్యం వాళ్లదే. పచ్చ బాణం ఉంటే పరిస్థితి కాస్త తేలిక, అయినా చూడకుండా తిరగకూడదు.

ఎర్ర బాణం దగ్గర రాష్ట్రాలు విడిపోతాయి. కాలిఫోర్నియాలో కుడివైపు ఎర్ర బాణం వెలుగుతుంటే, ఆగినా సరే తిరగకూడదు. పచ్చ పడేదాకా ఉండాల్సిందే. వాషింగ్టన్ రాష్ట్రంలో, అంటే సియాటిల్ వైపు, బోర్డు వద్దనకపోతే ఎర్ర బాణం దగ్గర కూడా ఆగి తిరగవచ్చు. అక్కడ నేర్చుకుని ఇక్కడికి మారినవారు ఈ ఒక్క తేడాతోనే టికెట్ తెచ్చుకోగలరు. న్యూయార్క్ నగరంలో అసలు నియమమే తలకిందులు: అనుమతిస్తూ బోర్డు ఉంటే తప్ప ఎర్ర సిగ్నల్ దగ్గర తిరగడం నిషేధం. న్యూజెర్సీ నుంచి వారాంతంలో అటు వెళ్లేవారు వంతెన దాటగానే ఈ మాట గుర్తు తెచ్చుకోవాలి. కెనడాలో మాంట్రియల్ ద్వీపంలో కూడా ఇది నిషేధమే. "నో టర్న్ ఆన్ రెడ్" బోర్డు ఎక్కడ ఉన్నా దాని కింద చిన్న అక్షరాల్లో వేళలు రాసి ఉన్నాయేమో చూడండి. బడుల దగ్గర ఇలాంటివి తరచూ ఉంటాయి.

ఈ సౌకర్యం దేశమంతటా వ్యాపించడం వెనక పెట్రోలు ఉంది. 1973 నాటి చమురు సంక్షోభం తర్వాత, 1975లో వచ్చిన ఇంధన పొదుపు చట్టం, కేంద్రం ఇచ్చే పొదుపు నిధులు కావాలంటే ఎర్ర సిగ్నల్ దగ్గర కుడి మలుపును అనుమతించాలని రాష్ట్రాలకు షరతు పెట్టింది. ఖాళీ రోడ్డు ముందు ఇంజన్ ఊరికే తిరుగుతూ పెట్రోలు తగలబెట్టకూడదన్నది ఆలోచన. నడిచేవాడి సంగతి ఆనాడు ఎంతవరకు ఆలోచించారో కానీ, ఆ భారం ఇప్పుడు మన చూపు మీద పడింది.

చట్టం "తిరగవచ్చు" అన్నదే కానీ "తిరగాలి" అనలేదు. వెనక కారువాడు హారన్ కొట్టవచ్చు. మన ఊళ్లో హారన్ పలకరింపు లాంటిది. ఇక్కడ అది తిట్టులా తగులుతుంది కాబట్టి కొత్తవారు బెదిరిపోయి కారును ముందుకు దూకిస్తారు. మీకు కనిపించకపోతే, నమ్మకం లేకపోతే, పచ్చ పడేదాకా ఆగండి. టికెట్ పడితే కట్టేది మీరే, హారన్ కొట్టినవాడు కాదు.

తిరిగేటప్పుడు మీ కుడి లేన్ నుంచి అవతలి వీధిలోని కుడి అంచు లేన్‌లోకే చేరాలి. ఎడమ లేన్ కావాలంటే కాస్త ముందుకు వెళ్లాక ఇండికేటర్ వేసి మారండి. తిరిగే ముందు ఎడమవైపుకు వెడల్పుగా ఊపు తీసుకోవడం చిన్న కార్లకు అనవసరం. మరీ ముందుగా స్టీరింగు తిప్పినా వెనక చక్రం కాలిబాట అంచు ఎక్కుతుంది, పరీక్షలో అదీ తప్పే. అడ్డ రోడ్డులో కుడివైపు నుంచి వచ్చి, ఎడమ బాణం మీద యూ టర్న్ తీసుకునే కారు సరిగ్గా మీరు వెళ్లవలసిన లేన్‌లోకే వస్తుందని చాలామందికి తట్టదు. ఎర్ర సిగ్నల్ మీద తిరిగే మీరే దానికి దారి ఇవ్వాలి. పెద్ద ట్రక్కు కుడివైపు ఇండికేటర్ వేసి ఎడమకు జరిగితే, దాని కుడిపక్కన ఏర్పడిన ఖాళీలోకి ఎట్టి పరిస్థితుల్లోనూ దూరకండి. ఆ ఖాళీ వెనక ట్రెయిలర్ తిరగడానికి ఉంచుకున్నది.

సాధనకు నేను చెప్పే పద్ధతి ఒకటే. ఆదివారం ఉదయం ఇళ్ల మధ్య ఉన్న ఒక బ్లాక్‌ను ఎంచుకుని, దాని చుట్టూ నాలుగు కుడి మలుపులు తిరిగితే బయలుదేరిన చోటికే వస్తారు. పక్కన లైసెన్సు ఉన్నవారిని కూర్చోబెట్టుకుని, ప్రతి మూల దగ్గరా చేసేది పైకి చెబుతూ తిరగండి: ఇండికేటర్, అద్దం, భుజం, గీత, ఆగాను, ఎడమ, ఎదురు, కుడి. మొదటి చుట్టులో మాట వెనక, కారు ముందు ఉంటాయి. అయిదారు చుట్లు తిరిగేసరికి "ఆగాను" అన్న మాటా, వీపుకు తెలిసే ఆ చిన్న ఒరుగూ ఒకేసారి వస్తాయి. అప్పుడు సిగ్నల్ ఉన్న కూడలికి వెళ్లండి.