ఓటు చదువు – 4వ పాఠం: రెండు కుర్చీలు, రెండు గడియారాలు

పోయిన పాఠంలో మీ కౌంటీ శాంపుల్ బ్యాలెట్ ప్రింట్ తీసి దగ్గర పెట్టుకోమన్నాను. తీయనివాళ్లు పాతదైనా సరే, 2022 నవంబరుది దొరికితే ఇంకా మంచిది, ఒకటి ముందు పెట్టుకోండి. చేతిలో కాగితం లేకుండా చదివితే ఈ పాఠం ఒంటబట్టదు.

ఇవాళ నేర్చుకునేది ఇదీ: అమెరికాలో మనముండే జార్జియా రాష్ట్రపు బ్యాలెట్ (ఓటు కాగితం) మీద "సెనేట్" అన్న మాట కనబడగానే అది ఏ సెనేటో, ఎవరి కుర్చీయో పోల్చుకోవడం. ఆపైన నవంబరు రాత్రి టీవీలో అంకెలు చూసి, ఎన్నిక తేలిందో ఇంకా మిగిలుందో మీ అంతట మీరే లెక్కగట్టుకోవడం.

ముందు, ఇది ఏ సెనేట్?

2022లో మా మేనమామకి కొత్తగా సిటిజన్‌షిప్ వచ్చింది. మొదటి ఓటు. డైనింగ్ టేబుల్ మీద శాంపుల్ బ్యాలెట్ పరిచి, కళ్లజోడు నుదుటి మీదికి తోసి, వేలు పెట్టి చూపించాడు.

"ఏరా, సెనేట్ అని రెండు చోట్ల ఉందే? రాష్ట్రానికి ఇద్దరు సెనేటర్లన్నావుగా, ఆ ఇద్దరూ వీళ్లేనా?"

"కాదు మావయ్యా. పైన ఉన్నది వాషింగ్టన్‌ది. కిందది అట్లాంటాది."

"మరి రెండిటికీ ఒకటే పేరెందుకు పెట్టారు, మనల్ని తికమక పెట్టడానికి కాకపోతే!"

ఆయన విసుగులో న్యాయముంది. అట్లాంటాలో బంగారు గుమ్మటం కింద కూర్చునేది జార్జియా రాష్ట్ర సెనేట్. 56 మంది సభ్యులు, రెండేళ్ల పదవి. మన దగ్గర శాసనమండలి ఉండే చోట ఇక్కడ ఇదుంటుంది, కాకపోతే దీన్ని జనమే నేరుగా ఎన్నుకుంటారు. రెండిటినీ విడదీయడానికి ఒక గుర్తు చెబుతాను. సెనేట్ అన్న మాట పక్కన డిస్ట్రిక్ట్ (అంటే నియోజకవర్గం) నంబరు ఉంటే అది అట్లాంటా సీటు. నంబరు లేకుండా "యునైటెడ్ స్టేట్స్ సెనేట్" అని ఉంటే వాషింగ్టన్ సీటు, అంటే దేశం మొత్తానికి చట్టాలు చేసే సభలోది. వాషింగ్టన్ సెనేటర్‌కి నియోజకవర్గమంటూ విడిగా ఉండదు, జార్జియా మొత్తం ఒకటే నియోజకవర్గం. కమ్మింగ్‌లో ఉన్న మనమూ, సవానాలో ఉన్నవాళ్లూ వేసేది ఒకే పోటీలో.

మీ కాగితం మీద ఆ రెండిటినీ పెన్నుతో చుట్టండి. అయిందా? ఇక పైదాని సంగతి.

రాజ్యసభ తెలిసినవాళ్లకి సగం పాఠం వచ్చినట్టే

ఆరేళ్ల పదవి, రెండేళ్లకోసారి మూడో వంతు మందికి గడువు తీరడం, ఇవి రెండు చోట్లా ఒకటే. తేడాలు రెండు. రాజ్యసభకి ఎన్నుకునేది ఎమ్మెల్యేలు. అమెరికాలోనూ 1913 దాకా రాష్ట్రాల చట్టసభలే సెనేటర్లని పంపేవి. 17వ రాజ్యాంగ సవరణతో ఆ హక్కు నేరుగా ఓటరుకి వచ్చింది. రెండోది, రాజ్యసభలో జనాభాని బట్టి సీట్లు: ఆంధ్రప్రదేశ్‌కి 11, తెలంగాణకి 7. ఇక్కడ ఆ లెక్కే లేదు. కోటి దాటిన జార్జియాకీ ఇద్దరే, ఆరు లక్షలైనా నిండని వయోమింగ్‌కీ ఇద్దరే. ఇదేం న్యాయమని నాకు ఇప్పటికీ అనిపిస్తుంది గానీ, ఆ వాదన పెట్టుకుంటే ఈ పాఠం తెమలదు.

పోటీ చేయాలంటే 30 ఏళ్లు నిండాలి, సిటిజన్ అయి తొమ్మిదేళ్లు కావాలి, ఎన్నికయ్యే నాటికి ఆ రాష్ట్రంలో నివాసముండాలి. పుట్టుకతోనే సిటిజన్ అయి ఉండాలన్న నియమం అధ్యక్ష, ఉపాధ్యక్ష పదవులకే.

రెండు గడియారాలు

రాష్ట్రానికి ఇద్దరున్నా మామూలుగా ఇద్దరి ఎన్నికా ఒకే ఏడు రాదు. జార్జియాలో ఒక కుర్చీ గడియారం 2020, 2026, 2032 అని తిరుగుతుంది. ఇప్పుడు అందులో ఉన్నది జాన్ ఆసాఫ్. రెండోది 2016, 2022, 2028 అని తిరుగుతుంది, అది రఫాయెల్ వార్నాక్‌ది. ఈ రెండు వరసలూ ఫ్రిజ్ మీద రాసిపెట్టుకోండి. 2024లో చాలామంది బ్యాలెట్ అటూ ఇటూ తిప్పి "వాషింగ్టన్ సెనేట్ ఏదీ?" అని వెతుక్కున్నారు. ఏ వరసలోనూ 2024 లేదు కదా, అందుకే కనబడలేదు.

మరి 2020లో రెండు కుర్చీలకీ ఒకేసారి ఎందుకు జరిగింది? 2016లో గెలిచిన జానీ ఐసాక్సన్ ఆరోగ్యం బాగోక 2019 చివర్లో రాజీనామా చేశారు. గవర్నర్ బ్రయన్ కెంప్ ఆ చోట కెల్లీ లెఫ్లర్‌ని కూర్చోబెట్టారు. అలా కూర్చోబెట్టినవాళ్లు తర్వాతి సాధారణ ఎన్నిక దాకే ఉంటారు. కాబట్టి 2020 నవంబరులో మామూలు సెనేట్ పోటీతో పాటు ఇంకో ప్రత్యేక ఎన్నికా వచ్చింది. దానికి ప్రైమరీ (పార్టీ తన అభ్యర్థిని తేల్చుకునే ముందస్తు ఎన్నిక) లేదు, అన్ని పార్టీలవాళ్లూ ఒకే జాబితాలో, మొత్తం 20 పేర్లు. నాకు ఆ జాబితా చదివేసరికే ఓపిక అయిపోయింది.

ఇక్కడ గట్టిగా పట్టుకోవలసిన సంగతి: మనిషి మారినా కుర్చీ గడియారం మారదు. వార్నాక్ ఆ ఎన్నిక గెలిచినా ఆయనకి దక్కింది ఐసాక్సన్ వదిలేసిన మిగతా కాలమే. 2022లో మళ్లీ ఓట్లడగాల్సి వచ్చింది.

సగం, మీద ఒకటి

ఈ పాఠానికి గుండెకాయ ఇదే, నెమ్మదిగా చదవండి. అమెరికాలో ఎక్కువ రాష్ట్రాల్లో అందరికన్నా ఎక్కువ ఓట్లు వచ్చినవాళ్లే గెలిచినట్టు, మన ఊళ్లోలాగే. జార్జియాలో అలా కాదు, పోలైన ఓట్లలో సగానికి మించి రావాలి. ఎవరికీ రాకపోతే మొదటి ఇద్దరి మధ్య మళ్లీ పోలింగ్. దాన్నే రనాఫ్ అంటారు.

2020 నవంబరు, మామూలు సెనేట్ పోటీ. కాలిక్యులేటర్ తీయండి.

డేవిడ్ పర్డ్యూ – 24,62,617
జాన్ ఆసాఫ్ – 23,74,519
షేన్ హేజల్ – 1,15,039

మొత్తం 49,52,175. సగం చేస్తే 24,76,087 మీద అర. అంటే గట్టెక్కడానికి కావలసినవి 24,76,088. పర్డ్యూకి వచ్చినవి తీసేయండి: 13,471 తక్కువ. ఆసాఫ్ కన్నా 88 వేల పైచిలుకు ముందున్నా పర్డ్యూ గెలవలేదు. మూడో మనిషికి పడ్డ లక్షా పదిహేను వేలు ఇద్దరినీ సగం దాటకుండా ఆపాయి.

2021 జనవరి 5న రనాఫ్ జరిగింది. ఆసాఫ్‌కి 22,69,923, పర్డ్యూకి 22,14,979. నవంబరుతో పోల్చి చూడండి, ఇద్దరికీ తగ్గాయి, కానీ పర్డ్యూకి ఆసాఫ్ కన్నా రెట్టింపుకి పైగా తగ్గాయి. రెండోసారి రాకుండా ఇంట్లో కూర్చున్నవాళ్లు తేల్చిన ఎన్నిక అది. అదే రోజు ప్రత్యేక ఎన్నిక రనాఫ్‌లో లెఫ్లర్ మీద వార్నాక్ నెగ్గారు. 20 మందిలో 33 శాతం దగ్గరే ఆగిన మనిషి ఇద్దరి పోటీలో 51 దాటారు.

ఈ "సగం" రూలు కూడా రాయి మీద చెక్కింది కాదు. 1992లో నవంబరులో ముందున్న వైచ్ ఫౌలర్ రనాఫ్‌లో పాల్ కవర్‌డెల్ చేతిలో ఓడిపోయారు. ఫౌలర్ పార్టీవాళ్లు చట్టం మార్చి 45 శాతం చాలన్నారు. ఆ పుణ్యాన 1996లో మ్యాక్స్ క్లీలండ్ 49 శాతం లోపే తెచ్చుకుని గెలిచారు. 2005లో అవతలి పార్టీ వచ్చి మళ్లీ సగానికి చేర్చింది. ఎవరి అవసరం వాళ్లది.

క్యాలెండర్‌లో రెండో గుర్తు

2021 రనాఫ్‌కి తొమ్మిది వారాల వ్యవధి ఇచ్చారు. అదే ఏడు చట్టం మార్చి నాలుగు వారాలకి కుదించారు. 2022లో నవంబరు 8న పోలింగ్, డిసెంబరు 6న రనాఫ్. 2026 నవంబరు 3కి 28 రోజులు కలిపి, ఆ తేదీ మీద ఇప్పుడే పెన్సిల్‌తో గుర్తు పెట్టుకోండి. సరిగ్గా థాంక్స్‌గివింగ్ సెలవుల తోక పట్టుకుని వస్తుంది. ఇండియా టికెట్లు బుక్ చేసేముందు చూసుకోవాల్సిన తేదీ.

వ్యవధి తగ్గడంతో ఇంకో చిక్కు వచ్చింది. నవంబరు ఫలితం చూశాక "రనాఫ్‌కైనా నమోదు చేసుకుందాం" అంటే కుదరదు. 2022లో రనాఫ్‌కి నమోదు గడువు నవంబరు 7, అంటే అసలు పోలింగ్‌కి ముందురోజే. కొత్తగా సిటిజన్‌గా ప్రమాణం చేసినవాళ్లు ఆ వారంలోనే రిజిస్టర్ అయిపోవడం మేలు. గ్రీన్ కార్డు మీద ఉన్నవాళ్లు మాత్రం ఓటరు నమోదు ఫారం జోలికే వెళ్లకండి. డ్రైవర్స్ లైసెన్స్ ఆఫీసులో పొరపాటున టిక్కు పెట్టినా ఇమిగ్రేషన్‌లో తలకు చుట్టుకుంటుంది.

వీళ్లు చేసేదేమిటి?

జడ్జీల, మంత్రుల నియామకాలకి సమ్మతి తెలపడం, ఒప్పందాలకి మూడింట రెండొంతుల మెజారిటీతో ఆమోదం, అభిశంసన విచారణ. ఇవి సెనేట్ ఒక్కదానికే ఉన్న పనులు. మిగతా చట్టాలు ప్రతినిధుల సభతో కలిసి. మామూలు బిల్లు ముందుకు కదలాలంటే 100 మందిలో 60 మంది కావాలి, బడ్జెట్ దారిలో వచ్చేవాటికి సగానికి మించితే చాలు. 2021 రనాఫ్‌లతో సభలో రెండు పక్షాలూ 50–50 అయ్యాయి. ఓట్లు సమానమైతే తేల్చే ఓటు ఉపాధ్యక్షులది. అందుకే 2022 ఆగస్టులో ఒక పెద్ద బిల్లు అప్పటి ఉపాధ్యక్షురాలు కమలా హారిస్ ఓటుతో 51–50 మీద గట్టెక్కింది. మెడికేర్‌లో (ముఖ్యంగా పెద్దవాళ్లకి ప్రభుత్వమిచ్చే ఆరోగ్య బీమాలో) ఉన్నవాళ్లకి ఇన్సులిన్ నెలకి 35 డాలర్లు మించకూడదన్నది అందులోదే. మీ ఇంట్లో సుగరున్న పెద్దవాళ్లుంటే ఆ బిల్లు ఇప్పటికే మీ గడప తొక్కింది.

రోజువారీగా మనకి పనికొచ్చేది వేరే ఉంది. పాస్‌పోర్టు ఆగిపోయినా, ఇమిగ్రేషన్ ఫైలు కదలకపోయినా సెనేటర్ ఆఫీసు ఆ శాఖకి రాసి, సంగతేమిటని అడుగుతుంది. దానికి మీరు ముందు సమ్మతి పత్రం మీద సంతకం పెట్టాలి. వాళ్లు అడగగలరు, ఆజ్ఞాపించలేరు. నేనోసారి మా అమ్మ కాగితాల కోసం రాష్ట్ర సెనేటర్ ఆఫీసుకి ఫోన్ చేసి పది నిమిషాలు గోడు వెళ్లబోసుకున్నాను. అవతలి అమ్మాయి అంతా ఓపిగ్గా విని, "మీరు అడగాల్సింది మమ్మల్ని కాదండీ" అంది. మొదటి మెట్టు నేర్చుకోకపోతే జరిగేది అదే.

ఇంటిపని

2022 నవంబరు లెక్క: వార్నాక్ 19,46,117, హెర్షెల్ వాకర్ 19,08,442, చేజ్ ఆలివర్ 81,365. గట్టెక్కడానికి వార్నాక్‌కి ఎన్ని ఓట్లు తక్కువయ్యాయి? 45 శాతం రూలే ఉండి ఉంటే ఏమయ్యేది? కాగితం మీద చేసి పెట్టుకోండి. జవాబులు 5వ పాఠం మొదట్లో. అందులో ప్రైమరీ బ్యాలెట్ ఎలా అడిగి తీసుకోవాలో చూద్దాం.