వెల్లుల్లి పచ్చడికి బూజా? ముందు పొట్టు ఎలా తీశారో చెప్పండి

బూజు పట్టిందని ఫోన్ చేసేవాళ్లంతా తడి గరిటె పెట్టలేదని ముందే ఒట్టేస్తారు. నిజమే, పెట్టి ఉండరు. ఆ తడి రెబ్బలతో పాటే జాడీలోకి వెళ్లింది.

బూజు, బుడగలు, ముక్క వాసన

పొట్టు సులువుగా వస్తుందని వెల్లుల్లిని నీళ్లలో నానబెట్టారా? దొంగ అక్కడే ఉన్నాడు. గుడ్డతో తుడిస్తే పైపైన ఆరుతుంది. రెబ్బ అడుగున గట్టి ముచ్చిక దగ్గర, పల్చటి లోపొర కింద నీళ్లు అలాగే ఉంటాయి. ఉప్పు తగిలాక మెల్లగా బయటికొస్తాయి. నేనూ రెండు కిలోలు ఇలాగే పారబోశాను. గంటసేపు ఫ్యాన్ కింద ఆరబెట్టాను, చేతికి పొడిగానే తగిలాయి. పదో రోజు మూత తీస్తే నూనె మీద తెల్లటి చుక్కలు. పచ్చడిలో వేయగా మిగిలిన రెబ్బకి పొర లేపి చూస్తే కింద నీటి చుక్క మెరుస్తోంది!

నానబెట్టొద్దు. రెబ్బలకు చెంచాడు నూనె రాసి, రెండు గంటలు ఎండలో పెట్టి, చేటలో వేసి గుడ్డతో నలపండి. పొట్టు దానంతటదే ఊడుతుంది. ఇప్పటికే నానబెట్టేస్తే ముచ్చిక కోసి, లోపొర తీసేసి, నూలు గుడ్డ మీద రాత్రంతా ఆరనివ్వండి. బూజు పట్టిన జాడీ మాత్రం మొత్తం పారేయాల్సిందే. పైన తీసేసి కింద తినే పొదుపు వద్దు.

పులుపు చాలలేదు

పైన నూనె తేలింది కదా అని ఊరుకోకండి. నూనె కింద గాలి ఆడదు. పులుపు తక్కువైతే బొటులిజం అనే ప్రాణాంతకమైన ఆహార విషజబ్బు తెచ్చే క్రిమి అక్కడే పెరుగుతుంది, వాసన కూడా రాదు. పావుకిలో రెబ్బలకు ఐదారు నిమ్మకాయల రసం పిండండి. పులుపు చాలిందా లేదా అన్నది పచ్చడి కలిపిన రోజే చూసుకోవాలి. వారం తర్వాత పిండితే లాభం లేదు.

రెబ్బలు ఆకుపచ్చగా, నీలంగా మారాయి

టెన్షన్ వద్దు. వెల్లుల్లిలోని గంధకానికి పులుపు తగిలితే అలా అవుతుంది. ఫ్రిజ్‌లో ఉంచిన వెల్లుల్లికి ఇంకా ఎక్కువ. తినేయొచ్చు.

చేదు

మెంతులు మాడాయి. ఆవపిండి చేదైతే మూడు రోజుల్లో తగ్గుతుంది, మాడిన మెంతిపిండికి మందు లేదు.

ఉప్పులో అయోడిన్ ఉందా, అమావాస్య నాడు కలిపారా అని మాత్రం నన్ను అడక్కండి.