మాటల వేళ్లు – 4వ పాఠం: ‘ఫాస్ట్’లో దాగిన పట్టు

ముందు కిందటి పాఠం ఇంటిపని. ‘క్విక్’ అనే మాటకు మొదటి అర్థం ‘త్వరగా’ కాదనీ, ‘ప్రాణమున్న’ అనీ చెప్పుకున్నాం. ‘క్విక్‌సిల్వర్’ అంటే ప్రాణమున్న వెండి. నేల మీద పడితే బొట్లు బొట్లుగా పరుగెత్తే పాదరసానికి ఆ పేరు ఎంత బాగా కుదిరిందో చూడండి. ‘క్విక్‌లైమ్’ అంటే ఇంకా నీళ్లు తగలని సున్నం. నీళ్లు పోయగానే కుతకుతలాడి ఆవిర్లు చిమ్ముతుంది కాబట్టి అది ప్రాణమున్న సున్నం అయింది. ‘క్విక్‌శాండ్’ అంటే కాలు పెడితే కదిలే ఇసుక, మన ఊబి. ‘వేగంగా లాగే ఇసుక’ అని రాసుకున్నవారు ఆ వాక్యం కొట్టేయండి. ఊబిలో వేగం లేదు, కదలిక ఉంది.

ఇవాళ్టి మాట ‘ఫాస్ట్’. దీన్ని ఎంచుకోవడానికి ఒక కారణం ఉంది. నా దగ్గర చదువుకునే ఒక అమ్మాయి చీర కొనుక్కుని, దాని అంచు మీద ‘ఫాస్ట్ కలర్’ అన్న ముద్ర చూసి అడిగింది: “మాస్టారూ, రంగు త్వరగా పోతుందని వాళ్లే అచ్చు వేసుకుంటారా?” చాలా మంచి ప్రశ్న. ‘ఫాస్ట్’ అంటే ‘త్వరగా’ అని మాత్రమే తెలిసినవారికి ఆ ముద్ర తలకిందులుగా కనిపించక తప్పదు. నిజానికి దాని అర్థం ‘ఎన్ని ఉతుకులకూ పోని రంగు’ అని. కొట్టులో మన ఇళ్లవాళ్లు “రంగు గట్టిదేనా?” అని అడుగుతారే, ఆ ‘గట్టి’యే ఇక్కడి ‘ఫాస్ట్’.

సుమారు వెయ్యేళ్ల కిందటి పాత ఇంగ్లీషులో ఈ మాటకు ఉన్న అర్థం అదే: గట్టి, స్థిరం, కదలనిది. వేగం తర్వాత వచ్చి చేరింది. వచ్చిన అర్థమే ఇంటి యజమానిలా కూర్చుంది కానీ పాత అర్థం ఇల్లు వదిలి పోలేదు. వెనక గదుల్లో హాయిగా కాపురం చేస్తోంది. ఈ పాఠంలో మనం నేర్చుకోవలసింది ఆ గదుల తలుపులు తట్టడం.

తట్టడానికి మన దగ్గర ఒక మంచి మాట ఉంది: ‘పట్టు’. ‘ఫాస్ట్’ ఎదురైనప్పుడు, అక్కడ వేగం అర్థం కుదరకపోతే, ‘పట్టు’ లేదా ‘గట్టి’ పెట్టి చూడండి. పదింట తొమ్మిది చోట్ల తాళం తెరుచుకుంటుంది.

‘ఫాస్ట్ అస్లీప్’ దగ్గర మొదలుపెడదాం. నిద్రలో వేగం ఏమిటి? ఏమీ లేదు. మనం ‘నిద్ర పట్టింది’ అంటాం. నిద్ర మనిషిని పట్టుకుంది, వదలడం లేదు. ఇంగ్లీషువాడూ అదే చూశాడు. ‘హోల్డ్ ఫాస్ట్’ అంటే గట్టిగా పట్టుకో. 1611లో అచ్చయిన ఇంగ్లీషు బైబిల్లో, థెస్సలొనీకయులకు రాసిన మొదటి పత్రికలో, మంచిదాన్ని పట్టి ఉంచుకోండి అనే చోట ఈ ‘హోల్డ్ ఫాస్ట్’ ఉంది. తెలుగు బైబిల్ అక్కడ ‘మేలైనదానిని చేపట్టుడి’ అంది. ‘చే’ అంటే చెయ్యి, ఆ తర్వాత మన ‘పట్టు’. అనువాదకులు ఈ మాట వేరును ముట్టుకున్నారని నాకు అనిపిస్తుంది. ‘స్టాండ్ ఫాస్ట్’ అంటే పట్టు సడలకుండా నిలబడటం. ‘స్టెడ్‌ఫాస్ట్’లో ‘స్టెడ్’ అంటే చోటు. నిలుచున్న చోటు వదలనివాడు, పట్టుదల గల మనిషి. ‘ఫాస్ట్ ఫ్రెండ్స్’ అంటే త్వరగా కలిసిపోయినవాళ్లు కారు, విడదీయరాని స్నేహితులు. ‘ఫాసెన్’ అని పలికే క్రియ కూడా ఇక్కడిదే, విమానంలో సీటు బెల్టు బిగించుకోమన్నప్పుడు వింటారు. రాతలో ‘టి’ ఉంటుంది, నోట్లో ఉండదు. బిగించడం అంటే కదలకుండా చేయడమే కదా.

ఒడ్డుకు కట్టేసిన పడవను ‘మేడ్ ఫాస్ట్’ అంటారు. ధ్రువప్రాంతాల గురించి చదివేటప్పుడు ‘ఫాస్ట్ ఐస్’ అన్న మాట వస్తుంది. తీరానికి అంటుకుని కదలకుండా ఉండే సముద్రపు మంచు అది. గాలికీ నీటివాలుకీ కొట్టుకుపోయే మంచుకు వేరే పేరుంది. ‘ఫాస్ట్ ఐస్’ను ‘వేగంగా కదిలే మంచు’ అని తెలుగు చేస్తే అర్థం పూర్తిగా ఎదురు తిరుగుతుంది. అనువాదం నేర్చుకునేవారు ఈ ఒక్క ఉదాహరణను జ్ఞాపకం పెట్టుకున్నా చాలు.

ఇంతకంటే నాకు ఇష్టమైన ఉదాహరణ ఆసుపత్రిలో ఉంది. విడవని దగ్గు ఉన్నవారికి కఫం పరీక్ష రాస్తారు. ఆ చీటీ మీద ‘ఏ.ఎఫ్.బి.’ అని మూడు అక్షరాలు కనిపిస్తాయి. మధ్యనున్న ‘ఎఫ్’ మన ‘ఫాస్ట్’. పూర్తి మాట ‘యాసిడ్ ఫాస్ట్ బాసిలై’. ఆ పరీక్ష చేసే తీరు ఒకసారి దగ్గరగా చూస్తే ఈ మాట ఇక జన్మలో మరిచిపోరు. కఫాన్ని చిన్న గాజుపలక మీద పలుచగా పూసి ఆరనిస్తారు. దాని మీద కార్బాల్ ఫుక్సిన్ అనే ఎర్రటి రంగు పోసి, పలక కింద సన్నని మంట పెట్టి, ఆవిరి లేచేదాకా వేడి చేస్తారు. తర్వాత ఆమ్లంతో కడుగుతారు. పలక మీదున్న మిగతావన్నీ రంగు వదిలేసి వెలవెలబోతాయి. క్షయ క్రిమి మాత్రం వదలదు. దాని పైగోడలో మైనం లాంటి కొవ్వు దట్టంగా ఉంటుంది, అది రంగును పట్టి ఉంచుతుంది. చివర నీలిరంగు పోసి సూక్ష్మదర్శినిలో చూస్తే, నీలి నేల మీద సన్నని ఎర్రటి పుల్లల్లా క్రిములు కనిపిస్తాయి. రాబర్ట్ కోచ్ 1882లో క్షయ క్రిమిని లోకానికి చూపించాడు. ఆమ్లానికి అది రంగు వదలదన్న సంగతిని అదే ఏడాది పాల్ ఎర్లిక్ పట్టుకున్నాడు. చీర అంచు మీది ‘ఫాస్ట్ కలర్’, క్షయ క్రిమి పేరులోని ‘ఫాస్ట్’ ఒకటే మాట, ఒకటే అర్థం. రెండూ ఉతికినా రంగు వదలనివి.

ఇప్పుడు ఉపవాసం. దీన్ని కూడా ‘ఫాస్ట్’ అంటారని మనందరికీ తెలుసు. రక్తపరీక్షకు ‘ఫాస్టింగ్’లో రమ్మంటే ఏమీ తినకుండా వెళ్తాం. అయితే ఇది వేరే మాట కాదు. పాత ఇంగ్లీషులో దీని క్రియకు మూలం ‘గట్టిగా పట్టి ఉండటం’. నియమాన్ని పట్టి ఉండటం, నోటిని బిగబట్టడం. మనవాళ్లు నోము పడతారు. ఏకాదశి నాడు నిష్ఠగా ఉంటారు. ‘నిష్ఠ’ అనే సంస్కృత మాటలో ఉన్నది ‘స్థా’ ధాతువు, అంటే నిలబడటం. రెండు దూరదేశాల మనుషులు ఆకలితో కూర్చున్న మనిషిని చూసి ‘వీడు తినడం లేదు’ అనలేదు, ‘వీడు నిలబడ్డాడు’ అన్నారు. 1952 అక్టోబరు 19న మద్రాసులో పొట్టి శ్రీరాములు మొదలుపెట్టి, డిసెంబరు 15 రాత్రి ప్రాణమిచ్చి ముగించినదాన్ని తెలుగులో ఆమరణ నిరాహార దీక్ష అంటాం, ఇంగ్లీషులో ‘ఫాస్ట్ అన్‌టు డెత్’ అంటారు. ఆ ‘ఫాస్ట్’ను తిండి మానడంగా మాత్రమే చదివితే సగమే చదివినట్టు. అందులో పట్టు ఉంది.

‘బ్రెక్‌ఫస్ట్’ సంగతి ఇక తేలిక. ‘బ్రేక్’ అంటే విరవడం, ‘ఫాస్ట్’ అంటే ఉపవాసం. రాత్రంతా ఉన్న ఉపవాసాన్ని పొద్దున విరవడం. ద్వాదశి నాడు మనం చేసే పారణ అచ్చంగా ఇదే. పలికేటప్పుడు ‘బ్రేక్ ఫాస్ట్’ అని రెండుగా విడదీయకండి. మాట ఒకటిగా అతికి చాలా కాలమైంది, అచ్చులు పొట్టివైపోయాయి.

మరి కదలనిదానికి వేగం ఎలా వచ్చింది? ఇది ఈ పాఠంలో కష్టమైన భాగం, నెమ్మదిగా చదవండి. ఇక్కడా తెలుగే దారి చూపిస్తుంది. సైకిలు వెనక కూర్చున్న తమ్ముడు “అన్నయ్యా, గట్టిగా తొక్కు, బస్సు వెళ్లిపోతుంది” అంటాడు. అక్కడ ‘గట్టిగా’ అంటే ఏమిటి? బలంగా. బలంగా తొక్కితే ఏమవుతుంది? సైకిలు వేగంగా పోతుంది. చూశారా, ‘గట్టి’ అన్న మాట మన కళ్ల ముందే స్థిరత్వం నుంచి బలానికీ, బలం నుంచి వేగానికీ అడుగు వేసింది. ఇంగ్లీషులోనూ జరిగింది ఇదే. గట్టిగా పట్టుకోవడం, గట్టిగా కొట్టడం, గట్టిగా పరుగెత్తడం. ఆ చివరి చోట మాట మీద వేగం రంగు పడింది. 13వ శతాబ్దం నాటికి క్రియల పక్కన ఈ కొత్త అర్థం వాడుకలో ఉంది. ‘ఫాస్ట్ హార్స్’ లాగా పేరు ముందు విశేషణంగా కూర్చోవడం ఆ తర్వాతి మాట. తెలుగు ‘గట్టి’ ఆ మూడో మెట్టు దగ్గర ఆగింది, మనం ‘గట్టి గుర్రం’ అంటే వేగమైన గుర్రం అనుకోం. ఇంగ్లీషు ‘ఫాస్ట్’ మెట్లన్నీ ఎక్కింది.

చదువుకో ఉద్యోగానికో జర్మనీ వెళ్లేవారికి ఒక మాట. అక్కడా ‘ఫాస్ట్’ వినిపిస్తుంది కానీ దాని అర్థం ‘దాదాపు’. ‘ఫాస్ట్ ఫెర్టిగ్’ అంటే త్వరగా అయిపోయిందని కాదు, దాదాపు అయిపోయిందని. అదే వేరు నుంచి వచ్చిన మాటే, గట్టిగా ఆనుకుని ఉండటం నుంచి దగ్గరకు, దగ్గర నుంచి దాదాపుకు నడిచింది. గట్టిదానికి వారి మాట ‘ఫెస్ట్’, ఉపవాసానికి ‘ఫాస్టెన్’. ఒకే తల్లి పిల్లలు తలో ఊరిలో స్థిరపడ్డారు.

ఇక మనం ఎక్కువగా చేసే రెండు పొరపాట్లు. ‘ఫాస్ట్‌లీ’ అనే మాట లేదు. పరీక్షల్లో, ఉత్తరాల్లో చాలామంది రాస్తారు. పాత ఇంగ్లీషులో ‘ఫాస్ట్’ చివర చిన్న అచ్చు ఒకటి చేర్చితే క్రియావిశేషణం అయ్యేది. కాలక్రమంలో ఆ అచ్చు నోళ్లలో అరిగిపోయింది. అందుకే విశేషణానికీ క్రియావిశేషణానికీ ఒకే రూపం మిగిలింది. ‘హార్డ్’ కథ కూడా ఇదే. రెండోది ‘ఫాస్ట్‌నెస్’. వేగం అనే అర్థంలో దీన్ని వాడకండి. గుడ్డకు రంగు ఎంత గట్టిగా పట్టిందో కొలిచే చోట ఇది ఉంది. ఉతుకుకు 1 నుంచి 5 వరకు, వెలుతురుకు 1 నుంచి 8 వరకు అంకెలు వేస్తారు, అంకె పెరిగితే రంగు గట్టిది. పాత పుస్తకాల్లో శత్రువు చేరలేని కొండకోటకు కూడా ‘ఫాస్ట్‌నెస్’ అన్న పేరుంది. మన గండికోటకు సరిగ్గా సరిపోతుంది.

పాత అర్థం మరిచిపోతే మాట రూపమే మారిపోతుందనడానికి ఒక సాక్ష్యం చెప్పి అభ్యాసానికి వెళ్దాం. సిగ్గుపడే మనిషిని ఇప్పుడు ‘షేమ్‌ఫేస్డ్’ అంటారు, సిగ్గు ముఖం మీద కనిపిస్తుందని అర్థం చెప్పుకుంటారు. అసలు రూపం ‘షేమ్‌ఫాస్ట్’. సిగ్గు బిగించి పట్టినవాడు అని. ‘ఫాస్ట్’కు గట్టి అన్న అర్థం మసకబారాక జనం దాన్ని ‘ఫేస్’గా విన్నారు. నాకు ఆ పాత మాట పోయినందుకు బాధగానే ఉంటుంది. సిగ్గు ముఖం మీద మెరిసి పోయేది కాదు, మనిషిని పట్టి ఉంచేది అన్న భావం దానితోపాటే పోయింది.

అభ్యాసం. కాగితం తీసుకోండి. కింది మాటల్లో ఏది పట్టు, ఏది వేగం, ఏది ఉపవాసం అన్నది రాసి, పక్కన తెలుగు చేయండి. ‘స్టక్ ఫాస్ట్’ – బండి బురదలో ఉంది. ‘టెన్ మినిట్స్ ఫాస్ట్’ – గోడగడియారం గురించి. ‘హోల్డ్‌ఫాస్ట్’ – సముద్రపు నాచు మొక్క అడుగు భాగానికి పేరు. ‘బ్రోక్ హిజ్ ఫాస్ట్’ – సాయంత్రం, ఖర్జూరంతో. ‘ప్లే ఫాస్ట్ అండ్ లూజ్’ – ఇది కొంచెం తిరకాసుది కాబట్టి సాయం చేస్తాను. 16వ శతాబ్దపు ఇంగ్లండులో డబ్బు గుంజే ఆట ఒకటి ఉండేది. ఆటగాడు తోలుపట్టీని మడతలుగా చుట్టి బల్ల మీద నిలిపి, మధ్య మడతలో పుల్ల గుచ్చమంటాడు. పట్టీ పుల్లకు చిక్కుకుంటే గుచ్చినవాడు గెలిచినట్టు. ఆటగాడు కొసలు లాగితే అది ఎప్పుడూ ఊడే వచ్చేది. ఇప్పుడు ఆ మాట ఎలాంటి మనిషి గురించి వాడతారో మీరే రాయండి.

ప్రతి జవాబుకూ ముందు, పక్కనున్న మాట ఏమిటో గీత గీయండి. నిలవడం, అంటడం, మూయడం, నిద్రపోవడం లాంటివి పక్కనుంటే పట్టు. కదలిక, కాలం పక్కనుంటే వేగం. తిండి, రక్తం, దేవుడు పక్కనుంటే ఉపవాసం. ఈ గీత గీసే అలవాటు కోసమే ఈ పాఠం అనుకోండి, జవాబులు తర్వాత.

వచ్చే పాఠం మాట ‘లెట్’. దానికి ముందు ఒక పని చేయండి. ఇంట్లో పాస్‌పోర్టు ఉంటే తెరిచి, రాష్ట్రపతి పేరిట సంబంధించిన వారందరినీ ఉద్దేశించి అచ్చయిన అభ్యర్థన చదవండి. అందులో ‘లెట్’ అన్న మాట ఉంది. ‘వెళ్లనివ్వు’ అన్న అర్థం అక్కడ పెట్టి చూసి, వాక్యం నిలబడుతుందో లేదో రాసుకుని రండి.