రోమ్‌లో గైడుతో నడకకు బయలుదేరే ముందు: దయచేసి నీళ్లు మానకండి

2025 జులై 1న రోమ్‌లోని పురాతన క్రీడాప్రాంగణం కొలోసియంలో 56 ఏళ్ల మహిళా గైడు ఒకరు విధుల్లో ఉండగానే కుప్పకూలి మరణించారు. గుండెపోటు అని వార్తల్లో వచ్చింది. ఆ రోజుల్లో నగరమంతా తీవ్రమైన వేడిగాలుల హెచ్చరిక కింద ఉంది. ఆ రాళ్లూ, ఆ మెట్లూ, ఆ ఎండా రోజూ అలవాటైన మనిషి ఆవిడ. ఆ వార్త గుర్తుకొచ్చినప్పుడల్లా హైదరాబాదు నుంచో విజయవాడ నుంచో విమానం దిగి, నిద్ర తీరకుండానే మర్నాడు మూడు గంటల నడకకు తయారయ్యే మన అమ్మానాన్నలు నా కళ్ల ముందు మెదులుతారు.

నేను జర్మనీలో ఉంటాను. వేసవి వచ్చిందంటే తెలిసినవాళ్ల తల్లిదండ్రులు ఎవరో ఒకరు ఇటలీ చూడటానికి వస్తారు. గుంపుతో పరుగెత్తలేరు కదా అని పిల్లలు విడిగా ఒక గైడును మాట్లాడతారు, వెళ్లే ముందు జాగ్రత్తలు చెప్పమని నన్ను అడుగుతారు. జేబుదొంగల గురించి, పాస్‌పోర్టు నకళ్ల గురించి చెప్పడానికి నేను అక్కరలేదు, ఆ సంగతులు అందరికీ తెలుసు. నేను చెప్పదలచుకున్న తప్పు వేరు. బాత్రూం దొరకదేమోనన్న భయంతో పొద్దుటి నుంచీ నీళ్లు తాగడం మానేయడమే ఆ తప్పు. మన పెద్దవాళ్లలో, ముఖ్యంగా ఆడవాళ్లలో, ఇది ఎంత మామూలంటే దీన్ని వాళ్లు తప్పుగా కాదు, ముందుజాగ్రత్తగా భావిస్తారు.

మా అమ్మ అలాగే చేసింది. జూన్ చివరి వారం, పదకొండు దాటింది. పాత రోమ్ నగరానికి నడిబొడ్డైన రోమన్ ఫోరంలో పల్లంగా ఉన్న శిథిలాల మధ్య నుంచి చక్రవర్తి టైటస్ విజయతోరణం వైపు ఎత్తు ఎక్కుతున్నాం. జెరూసలేం నుంచి కొల్లగొట్టిన ఏడు కొమ్మల దీపస్తంభాన్ని సైనికులు మోసుకొస్తున్న శిల్పం ఆ తోరణం లోపలి గోడ మీద ఉందని గైడు చెబుతున్నాడు. అమ్మ తల ఊపుతూ వింటూనే ఉంది. ఉన్నట్టుండి నా మోచెయ్యి పట్టుకుని, కళ్లు బైర్లు కమ్ముతున్నాయని గొణిగింది. తోరణం నీడలో కూర్చోబెట్టి, నీళ్లు తాగిద్దామని ఆమె సంచిలోంచి సీసా తీశాను. హోటల్లో పొద్దున ఇచ్చిన సీసా అది. మూత చుట్టూ ఉన్న ప్లాస్టిక్ పట్టీ కూడా తెగలేదు. పొద్దుటి నుంచి ఆమె కడుపులో పడింది అరకప్పు కాఫీ మాత్రమే.

తడి తువ్వాలు మెడ మీద వేసి, కొంగుతో విసిరి, గుక్క గుక్కగా తాగిస్తే అరగంటకు తేరుకుంది. ఆ గైడు ముప్పై ఏళ్ల కుర్రాడు. పావుగంట క్రితమే మరుగుదొడ్ల పక్క నుంచి వచ్చామని, ఒక్క మాట అడిగి ఉంటే ఆగేవాళ్లమని అన్నాడు. పరాయి మగపిల్లవాణ్ణి ఆ మాట ఎలా అడుగుతానని అమ్మ తర్వాత నాతో అంది. గంటల లెక్కన మనమే డబ్బిచ్చి పెట్టుకున్న మనిషి ముందు కూడా మన మొహమాటం మనల్ని వదలలేదు.

బుక్ చేసేటప్పుడు

సమయం ఎంచుకోవడంలోనే సగం జాగ్రత్త ఉంది. వేడి ప్రమాదకరంగా ఉన్న రోజుల్లో పొలాల్లోనూ, భవన నిర్మాణంలోనూ, క్వారీల్లోనూ మధ్యాహ్నం 12:30 నుంచి 4 గంటల దాకా నేరుగా ఎండలో పని చేయించకూడదని రోమ్ ఉన్న లాజియో ప్రాంత ప్రభుత్వం 2025 వేసవిలో ఉత్తర్వు ఇచ్చింది. కూలీలకే వద్దన్న ఎండలో మనం డబ్బు కట్టి నిలబడటం ఏ లెక్కన చూసినా తెలివైన పని కాదు. మాకు ఎండలు కొత్తా, రెంటచింతల ఎండలు చూసినవాళ్లం అని మన పెద్దలు అంటారు. నిజమే, కానీ రెంటచింతలలో మే నెల మధ్యాహ్నం రెండు గంటలకు ఎవరూ రాతిబండల మీద నిలబడి చరిత్ర వినరు, తలుపులు వేసుకుని ఇంట్లో పడుకుంటారు. ఫోరంలో తలదాచుకునే నీడ బహు తక్కువ. పైగా తెల్లటి పాలరాయి, కింద పరిచిన నల్లటి బండలు వేడిని తిరిగి మన మీదికే కొడతాయి.

కొలోసియం ఉదయం 8:30కి తెరుస్తారు. ఆ గంటకే వెళ్లి పదకొండు లోపు బయటపడాలి. లేదంటే కొలోసియం లోపలి భాగాన్ని వదులుకుని, సాయంత్రం ఆరు తర్వాత పాంథియన్, నవోనా చౌకు, ట్రెవీ ఫౌంటెన్ వైపు వీధుల్లో నడవాలి. జూన్, జులై నెలల్లో రోమ్‌లో రాత్రి ఎనిమిదిన్నర దాటేదాకా వెలుతురు ఉంటుంది. పొద్దుటి టిక్కెట్లు అయిపోయాయని, రెండు గంటలవే ఉన్నాయని ఏజెంటు చెబితే ఒప్పుకోకండి. కొలోసియం టిక్కెట్లను మూకుమ్మడిగా ముందే కొనేసి మామూలు పర్యాటకులకు అందకుండా చేశారన్న వ్యవహారంలో, ఇటలీ పోటీ నియంత్రణ సంస్థ 2025 ఏప్రిల్‌లో సుమారు 2 కోట్ల యూరోల జరిమానాలు వేసింది. కొరత నిజమే అయినా, దాన్ని తీర్చడానికి అమ్మానాన్నలను మిట్టమధ్యాహ్నం ఎండకు అప్పగించనక్కరలేదు.

2023 అక్టోబరు నుంచి కొలోసియం టిక్కెట్లు పేరు మీదనే ఇస్తున్నారు, ద్వారం దగ్గర గుర్తింపు పత్రంతో సరిచూస్తారు. మన దగ్గర ఇంటిపేరు పొడి అక్షరంగా రాసే అలవాటు ఉంది కనుక పాస్‌పోర్టులో ఎలా ఉంటే అలాగే, పూర్తి ఇంటిపేరుతో నమోదు చేయించండి. పేరు కుదరక అరగంట ఎండలో వాదిస్తూ నిలబడటం నడక మొదలవకముందే ఒంట్లో శక్తిని పీల్చేస్తుంది. గైడుకు ఇటలీలో అధికారిక అర్హత ఉండాలి, గుర్తింపు కార్డు ఉంటుంది, అడిగి చూడండి. కొలోసియం ముందు చేయి పట్టుకుని పిలిచేవాళ్లతో బేరం పెట్టుకోవద్దు.

గైడుకు ముందే సందేశం పంపండి. వచ్చేవాళ్ల వయసులు, ఎవరికి మోకాళ్ల నొప్పి ఉంది, ఎవరికి షుగరు, ఎవరు బీపీ మాత్రలు వేసుకుంటున్నారు అన్నవి రాయండి. అంతకన్నా ముఖ్యంగా, ప్రతి ముప్పావుగంటకూ ఒకసారి బాత్రూం ఉన్న చోట పది నిమిషాలు కూర్చుంటామని, దారిని ఆ ప్రకారం వేయమని రాయండి. మంచి గైడు దీన్ని తప్పుగా అనుకోడు. ఇలా ముందే రాసి పెడితే మీ అమ్మగారు నోరు తెరిచి అడగనక్కరలేదు, గైడే ఆగుతాడు.

నీళ్లు

రోమ్ వీధుల్లో నీళ్లు కొనుక్కోనక్కరలేదు. 1874 నుంచి నగరం నిండా పోత ఇనుము కుళాయిలు పెట్టారు, ఇప్పుడు సుమారు రెండున్నర వేలు ఉన్నాయి. వంగిన గొట్టం పెద్ద ముక్కులా ఉంటుంది కనుక వాటిని అక్కడివాళ్లు నజోనీ అంటారు. నీళ్లు ఎప్పుడూ కారుతూనే ఉంటాయి, చల్లగా ఉంటాయి, తాగడానికి మంచివి. గొట్టం చివరను వేలితో మూస్తే, దాని పైవంపులో ఉన్న చిన్న రంధ్రంలోంచి నీళ్లు పైకి చిమ్ముతాయి. నడుం వంచలేనివాళ్లు కూడా అలా తాగవచ్చు. మా అమ్మకు రోమ్‌లో అన్నిటికన్నా నచ్చింది అదే.

బాత్రూం సంగతికి వస్తాను, ఎందుకంటే అసలు భయం అక్కడ ఉంది. కొలోసియం లోపల ఉన్నాయి, ఫోరం, దాని పక్కనే ఉన్న పాలటైన్ కొండ ఆవరణలో ఉన్నాయి, వాటికన్ మ్యూజియంలలో ఉన్నాయి. వీధిలో ఉన్నప్పుడు ఏ బార్‌లోకైనా వెళ్లండి. ఇటలీలో బార్ అంటే మందు దుకాణం కాదు, నిలబడి కాఫీ తాగే చోటు. కౌంటర్ దగ్గర ఒక కాఫీ కొని “ఇల్ బాన్యో, పెర్ ఫవోరే” అంటే చూపిస్తారు, కొన్ని చోట్ల తాళం చేతికిస్తారు. లోపల నీళ్ల గొట్టం ఉండదు కనుక ఒక ఖాళీ సీసా, నాలుగు కాగితపు రుమాళ్లు సంచిలో విడిగా పెట్టుకోండి. ఇది రాయడానికి సంకోచించాను, కానీ చాలామంది నీళ్లు మానడానికి కారణం బాత్రూం లేకపోవడం కన్నా అందులో నీళ్లు లేకపోవడమే. ఆ ఒక్క సీసా సంచిలో ఉంటే మరో సీసా తాగడానికి ధైర్యం వస్తుంది.

దాహం వేసేదాకా ఆగవద్దు. వయసు మీదపడ్డాక దాహం ఆలస్యంగా తెలుస్తుంది. పావుగంటకోసారి నాలుగైదు గుక్కలు తాగించండి, చెమట బాగా పడుతుంటే ఒక ఓఆర్ఎస్ పొట్లం కలపండి. మూత్రం ఎక్కువగా పోయించే రకం బీపీ మాత్రలు వేసుకునేవారు, గుండె లేదా మూత్రపిండాల జబ్బు వల్ల నీళ్లకు కొలత ఉన్నవారు భారతదేశం నుంచి బయలుదేరక ముందే తమ డాక్టరును అడగాలి. బాత్రూంకు భయపడి ఆ మాత్ర మానేయడం నీళ్లు మానడం కన్నా పెద్ద తప్పు, అలా చేసినవారిని కూడా నేను చూశాను.

తల తిరగడం, వికారం, పిక్కలు పట్టేయడం కనిపిస్తే నడక అక్కడితో అయిపోయినట్టే. మాట తడబడినా, ఎక్కడ ఉన్నారో తెలియకపోయినా, ఒళ్లు కాలిపోతున్నా అది వడదెబ్బ. వెంటనే 112కు ఫోన్ చేయించండి, నీడకు చేర్చండి, బట్టలు వదులు చేసి మెడ, చంకలు తడపండి, విసరండి. స్పృహ సరిగా లేని మనిషి నోట్లో నీళ్లు పోయకండి.

ఇక మిగిలినవి, వరుసగా

ఇటలీ ఆరోగ్య శాఖ వేసవిలో 27 నగరాలకు వేడి హెచ్చరికలు 0 నుంచి 3 స్థాయిల్లో ఇస్తుంది. ముందురోజు రాత్రి చూడండి. 3 ఉంటే నడక రద్దు. డబ్బు వాపసు రాకపోయినా రద్దు.

దిగిన రోజున నడక పెట్టకండి. మర్నాడు కూడా వద్దు.

కొత్త బూట్లు వద్దు. రోమ్ వీధుల్లో పరిచిన చిన్న నల్లరాళ్లు అరిగి నున్నగా ఉంటాయి, సందుల్లో మడమ ఇరుక్కుంటుంది. ఫోరంలోని పాత బండలు ఇంకా అన్యాయం. వెనక పట్టీ లేని చెప్పులతో రానివ్వకండి.

అలసిపోయి స్పానిష్ మెట్ల మీద కూర్చోనివ్వకండి. 2019 నుంచి అక్కడ కూర్చోవడం నిషేధం, జరిమానా 250 యూరోల నుంచి మొదలవుతుంది.

గాజు సీసాతో కొలోసియంలోకి వెళ్లనివ్వరు. ప్లాస్టిక్ లేదా స్టీలు సీసా తీసుకెళ్లండి.

కొలోసియం పై అంతస్తుకు మెట్లు నిటారుగా ఉంటాయి. లిఫ్టు ఉంది. అడగండి. మొహమాటపడకండి.

సెయింట్ పీటర్స్ చర్చిలోకి భుజాలు, మోకాళ్లు కప్పుకునే వెళ్లాలి. చీరకు ఇబ్బంది లేదు, నిక్కరు వేసుకున్న నాన్నగారికే ఇబ్బంది.

ఆగస్టు 15 ఇటలీలో పెద్ద సెలవు. ఆ వారం చిన్న బార్లు చాలా మూసి ఉంటాయి, అంటే బాత్రూములూ తగ్గుతాయి. అది చూసి నీళ్లు తగ్గించకండి. దారి తగ్గించండి.

ఇన్సులిన్ పెన్నును ఎండ తగిలే సంచి జేబులో పెట్టకండి.

షెంగెన్ వీసాకు కట్టిన బీమా పత్రంలోని ఫోన్ నంబరు కాగితం మీద రాసి ప్రతి ఒక్కరి జేబులోనూ పెట్టండి. కొడుకు ఫోన్‌లో ఉంటే చాలదు.

మూడు గంటలకు డబ్బు కట్టాం కనుక మూడు గంటలూ నడవాలన్న పట్టుదల వదలండి. గంటన్నరకు ఆపి, మిగతా కథ చెట్టు నీడన కూర్చుని చెప్పమనండి. గైడు చెబుతాడు.

నాకేం ఫరవాలేదు అనే మాటను నమ్మకండి. మా అమ్మ కూడా ఆ మాట రెండుసార్లు అంది.

ఏమైనా కావాలా అని అడగకండి. కావాలన్నా వద్దంటారు. బాత్రూం వచ్చింది, అందరం వెళ్దాం అని చెప్పి ముందు మీరు వెళ్లండి.

బాత్రూంకు భయపడి నీళ్లు మానారేమో చూడండి. ఎన్ని తాగావని అడిగితే చాలా తాగానంటారు, సీసా తీసుకుని ఎంత తగ్గిందో మీ కళ్లతో చూడండి. గంటకోసారి చూడండి.

కొత్త సీసా మూత గట్టిగా ఉంటుంది, కీళ్ల నొప్పులున్న వేళ్లకు తిరగదు. మూత తీసి చేతికివ్వండి.