గడువు తీరిన వనవాసం: జానపద నవలలో రాజ్యకుట్రను కట్టే పద్ధతి

జానపద నవల రాయడానికి కూర్చున్నవారిలో చాలామంది ముందుగా రాజ్యం పటం గీసుకుంటారు, కోటలకు పేర్లు పెడతారు, రాజవంశానికి పది తరాల వంశవృక్షం తయారుచేస్తారు. ఆ పని సరదాగానే ఉంటుంది గాని, దేశబహిష్కారం, మతం, అంతఃపుర కుట్ర కలగలిసిన కథకు అది పునాది కాదు. మొదట తేల్చుకోవలసిన విషయం ఒక్కటే: వెళ్లగొట్టినవాడు ఎన్నాళ్లకు తిరిగి రావచ్చు? రాముడికి 14 ఏళ్లు, పాండవులకు 12 ఏళ్ల అరణ్యవాసం మీద ఒక ఏడు అజ్ఞాతవాసం, పలనాటి కథలో మాచర్ల పక్షానికి 7 ఏళ్లు. మనవాళ్లు చెప్పుకున్న పెద్ద కథల్లో వనవాసానికి గడువు ఉంటుంది. గడువున్న వనవాసం అప్పుపత్రం వంటిది. రాజ్యం అనుభవిస్తున్నవాడికి ప్రతి ఉగాదీ వాయిదా దగ్గరపడిందని గుర్తుచేస్తుంది. తిరిగి ఇవ్వడానికి మనసొప్పని రోజున వాడి కొలువులో కుట్ర మొదలవుతుంది.

నమూనాగా పలనాటి కథనే దగ్గర పెట్టుకోవడం మంచిది. పన్నెండో శతాబ్దంలో జరిగినదిగా చెప్పే ఈ కథలో గురజాలను ఏలే నలగామరాజు, మాచర్లను ఏలే మలిదేవుడు సవతి అన్నదమ్ములు. నలగామరాజు వెనుక మంత్రిగా నాయకురాలు నాగమ్మ, మలిదేవుడి వెనుక బ్రహ్మనాయుడు ఉన్నారు. కోడిపందెంలో ఓడిన మాచర్లవారు మందలను తోలుకుని మండాదికి వెళ్లిపోతారు. గడువు తీరాక తమ రాజ్యం తమకిమ్మని రాయబారం పంపితే, రాయబారిగా వెళ్లిన అలరాజు విషప్రయోగానికి బలవుతాడు. అతడు పరాయివాడు కాడు, నలగామరాజుకు స్వయానా అల్లుడు. రెండు పక్షాలూ తలపడిన కారెంపూడి యుద్ధానికి దారి అక్కడే పడింది.

ఇక పనిలోకి దిగాలి. కథ మొదలుపెట్టేముందు బహిష్కార శాసనాన్ని ఒక చిన్న పత్రంగా నిజంగానే రాసుకోండి. ఎల్ల ఏది, వెంట ఏమేమి తీసుకుపోవచ్చు, ఎవరు తోడు వెళ్లవచ్చు, ఏ షరతు తప్పితే గడువు మళ్లీ మొదలవుతుంది అనేవి అందులో ఉండాలి. ఈ చివరి షరతే అన్నిటికన్నా విలువైనది, ఎందుకంటే కుట్రదారుడు పట్టుకునే కొస అదే. అజ్ఞాతవాసంలో బయటపడితే మళ్లీ 12 ఏళ్లు అడవికి పోవాలన్న నియమం లేకపోతే విరాటపర్వంలో కౌరవులకు ఆవులను పట్టుకుపోయే అవసరమే ఉండేది కాదు. పలనాటి కథలోనూ మండాదిలో ఉన్నవారి ఆలమంద మీదే దాడి జరిగింది. రెండు కథలూ పశువుల దగ్గరకే రావడం కాకతాళీయం కాదని నా నమ్మకం. ఊరు విడిచిపోయేవాడు పొలాన్ని మోసుకుపోలేడు, మందను మాత్రం తోలుకుపోగలడు. ఆ మందే అతడి బొక్కసం కాబట్టి దెబ్బకొట్టేవాడి చూపు దాని మీదే ఉంటుంది.

నా తొలి కథలో యువరాజు 12 ఏళ్లు అడవిలో గడిపి, వెళ్లినప్పటి తేజస్సుతోనే తిరిగివస్తాడు. అది చదివిన మా పెద్దత్తయ్య పుస్తకం మూసి, "అన్నేళ్లూ ఉప్పెవరిచ్చార్రా వీళ్లకి?" అని ఒక్క ప్రశ్న వేసింది. నా దగ్గర జవాబు లేదు. అప్పటినుంచి ఉప్పు, బట్ట, కత్తికి సాన, నెయ్యి ఎక్కడినుంచి వస్తున్నాయో రాసుకోనిదే నేను వనవాస ప్రకరణం మొదలుపెట్టను. ఉప్పు తెచ్చేవాడు అటూ ఇటూ తిరిగే మనిషి కాబట్టి, వేగులవాడిని వేరే సృష్టించుకోవలసిన శ్రమ కూడా తప్పుతుంది.

మతం దగ్గర కొత్త రచయితలు దేవుళ్ల పేర్ల మీద చూపినంత శ్రద్ధ దీపం చమురు మీద చూపరు. మీ రాజ్యంలో దేవుడెవరన్నది తర్వాత సంగతి. గుడిలో అఖండదీపానికి నెయ్యి ఎవరిస్తున్నారు, ఎవరు ఎవరితో కూర్చుని తింటున్నారు అన్నవి ముందు తేలాలి. మన శాసనాల్లో దీపానికి గొర్రెలను దానమిచ్చి, వాటి పాడితో నెయ్యి సాగేలా కాపరికి అప్పగించిన దాఖలాలు చాలా ఉన్నాయి. ఆ పద్ధతిని మీ కల్పిత రాజ్యంలోకి తెచ్చుకుంటే, పాత రాజు వేయించిన దీపం కొండెక్కిన రాత్రి ఊరంతా ఏమనుకుంటుందో ఎవరూ వివరించనక్కరలేదు. గొర్రెలను కాజేసిన అధికారి ఎవరన్నది ఒక ప్రకరణానికి చాలిన కుట్ర.

ఇక తిండి సంగతి. బ్రహ్మనాయుడు వైష్ణవుడు, మాచర్ల చెన్నకేశవుడి భక్తుడు, నాగమ్మ శివభక్తురాలు. కేవలం నామాలకూ విభూతికీ జరిగిన పోరుగా రాస్తే ఈ కథ ఎండిపోతుంది. బ్రహ్మనాయుడు కులభేదం లేకుండా అందరినీ ఒకే చాప మీద కూర్చోబెట్టి చాపకూడు పెట్టాడని, మాలవాడైన కన్నమదాసును కొడుకుగా పెంచి సేనానిని చేశాడని కథ చెబుతుంది. కొలువులో కూర్చున్న పెద్దలకు ఆ చాపను చూస్తే వణుకు పుట్టి ఉంటుంది. మీ కథలోనూ విశ్వాసం ఒక అలవాటును మార్చాలి, ఆ మార్పు వల్ల ఎవరో ఒకరి హోదా తగ్గాలి. అలా తగ్గినవాడే కుట్రదారుకు తలుపు తీస్తాడు.

కుట్రను రాసేటప్పుడు దాన్ని పన్నేవారి వైపునుంచి ఒకసారి పూర్తిగా రాసి, తర్వాత అందులో సగం చింపెయ్యండి. నాగమ్మను కేవలం దుష్టురాలిగా చూస్తే మీకే నష్టం. జిట్టగామాలపాడు నుంచి వచ్చిన ఒక స్త్రీ మంత్రి పదవిలో కూర్చుంది. మాచర్లవారు తిరిగివస్తే ముందుగా పోయేది ఆమె స్థానమే. ఆ భయం పాఠకుడికి అర్థమైతే విషం సంగతి నమ్ముతాడు. ఆ విషం కూడా గాలిలోనుంచి ఊడిపడకూడదు. వంటశాలలో గిన్నె ఎవరు దించారు, రుచి చూడవలసినవాడు ఆ పూట ఎందుకు లేడు, అడపం (తాంబూలపు సంచి) పట్టేవాడు ఆకులు చుడుతున్నప్పుడు అతడి వేళ్లు ఎందుకు తడబడ్డాయి అన్నది ఒక పుటలో వరుసగా రాసుకోవాలి. నవలలో మాత్రం ఆ తడబడిన వేళ్లు ఒక్కటే కనిపిస్తే చాలు.

గద్దెను కాజేసేవాడు తానే కిరీటం పెట్టుకోనక్కరలేదు. విజయనగరంలో 1542లో రాజు అచ్యుతరాయలు పోయాక జరిగిన కలహంలో అళియ రామరాయలు సదాశివరాయలను రాజుగా ప్రకటించి, అధికారం తన చేతిలో ఉంచుకున్నాడు. పేరుకు ఒక రాజు, పెత్తనానికి మరొకడు ఉన్న కొలువులో రాయబారి ముందుగా ఎవరికి నమస్కరించాలన్నదే పెద్ద చిక్కు.

వీలైతే కార్తీకమాసంలో కారెంపూడి వీరుల ఉత్సవం చూసి రండి. రాచగావు, రాయబారం, మందపోరు, కోడిపోరు, కల్లిపాడు అని 5 రోజులు జరుగుతుంది. కథలో కోడిపందెం ముందు, రాయబారం తర్వాత. ఉత్సవంలో రాయబారమే ముందు వస్తుంది. ప్రకరణాల వరుసను కాలక్రమానికి కట్టేయనక్కరలేదని నాకు అక్కడే తట్టింది. నా రెండో నవలను రాయబారితోనే మొదలుపెట్టాను.

తిరిగివచ్చే ఘట్టంలో జయజయధ్వానాలు తగ్గించి, కోటవాకిలి దగ్గర ఒక్క మనిషిని నిలబెట్టండి. యువరాజు వెళ్లిననాడు పసివాడుగా ఉన్న ద్వారపాలకుడు ఇప్పుడు ఈటె పట్టుకుని ఉన్నాడు. ఎదురుగా నెరిసిన గడ్డంతో నిలబడ్డ మనిషిని వాడు "ప్రభూ" అంటాడా, "ఎవరయ్యా నువ్వు?" అంటాడా అన్నది ఆ పుట రాసేనాటికి మీకు తెలిసి ఉండాలి.