ఎఫ్‌డీ వడ్డీ లెక్కలో తేడా: ఇలా సరిపోయింది

లక్ష రూపాయల ఎఫ్‌డీ (ఫిక్స్‌డ్ డిపాజిట్), 7 శాతం, ఏడాది గడువు. బారువడ్డీ లెక్కగడితే 7,000 వచ్చింది, రసీదు మీద మాత్రం 7,186. మన బ్యాంకులు సాధారణంగా మూడు నెలలకోసారి వడ్డీని అసలులో కలుపుతాయి, తేడా అక్కడిదే. 7ని 4తో భాగిస్తే మూడు నెలలకు 1.75 శాతం. క్యాలిక్యులేటర్‌లో లక్షను 1.0175తో నాలుగుసార్లు గుణించాను: 1,07,186. పద్దెనిమిది నెలలకైతే ఆరుసార్లు, 1,10,970. చాలామంది ఇక్కడే ఆరుకు బదులు 1.5 ఏళ్లు అని వేసి తప్పుతారు.

నెలనెలా వడ్డీ తీసుకునేవాళ్లు 583 అనుకోవద్దు, సుమారు 580 వస్తుంది. మూడు నెలలయ్యాక ఇవ్వాల్సిన 1,750ని ముందుగా ఇస్తున్నారు కాబట్టి ఆమేరకు తగ్గిస్తారు. పెద్ద డిపాజిట్లకు టీడీఎస్ (వడ్డీలోంచి బ్యాంకు ముందే కోసే పన్ను) 10 శాతం కూడా తీసి చూసుకోండి. పాన్ ఇవ్వకపోతే అది 20.